దుమికే కాళ్లు నడక నేర్చుకున్న ఏడాది

పోయిన వారం చిట్యాల నుంచి ఒకావిడ ఫోన్ చేసింది. ఆమె కొడుకుకు నాకొచ్చిన జబ్బే వచ్చిందట. నాకు ఫిజియోథెరపీ చేసిన మేడమ్ నా నంబరు ఇచ్చిందట. అడగాల్సింది ఒక్కటే అడిగింది.

"నడుస్తడా అమ్మా?"

నేను నడుస్తూనే మాట్లాడుతున్నానని చెప్పాను. ఆవిడ ముక్కు చీదుకుని, "అయితే మొదటికెల్లి చెప్పు బిడ్డా, అంతా చెప్పు" అంది. గంటసేపు చెప్పాను. ఫోన్ పెట్టేశాక, ఇంకొకరు అడగకముందే రాసి పెడితే మంచిదనిపించింది. నాక్కూడా అవసరమే. ఆ నెలల్లో కొన్ని రోజులు ఇప్పటికీ నా లోపల వరుస తప్పి తిరుగుతున్నాయి.

నా పేరు మంజుల. నేను హైజంపర్‌ని. మాది కొత్తకోట దగ్గర పల్లె, గొర్లు కాసే ఇల్లు. నాకు పన్నెండేళ్లప్పుడు గొర్ల దొడ్డికి వేసిన ముళ్లకంపను ఒక్క ఊపున దాటుతుంటే మా బడిలో ఆటల సారు జంగయ్య గారు చూశారు. ఆ సాయంత్రమే మా నాయిన దగ్గరికొచ్చి, "బాలన్నా, నీ బిడ్డను నాకు అప్పజెప్పు. దేశం తరఫున దుంకిపిస్త" అన్నారు. నాయిన ఎక్కువ ఆలోచించలేదు. "దుంకితే దుంకనియ్యి సారూ. కంప మీద పడకుంట చూడు, చాలు" అన్నాడు.

సారు మాట నిలబెట్టుకున్నారు. రెండుసార్లు దేశం తరఫున బయటి దేశాల్లో దుమికాను. నేను దాటిన పెద్ద ఎత్తు మీటరు ఎనభై రెండు. ఈ లెక్క మా ఊళ్లో ఎవరికీ అర్థం కాకపోతే, నాయిన తలపాగా చుట్టుకుని నిలబడితే ఆయన మీదుగా దాటినట్టు అని చెప్పేదాన్ని. మూడోసారి ఎంపికయ్యాను. కొత్త బ్లేజర్‌కు కొలతలు కూడా ఇచ్చాను. ఆ తర్వాత రెండు వారాలకు జబ్బు వచ్చింది.

శివరాత్రికి ముందు

అప్పుడు హైదరాబాద్‌లో శిక్షణ శిబిరంలో ఉన్నాను. అంతకు పది రోజుల ముందు కడుపు చెడి రెండు రోజులు పడుకున్నాను. తగ్గింది, మరిచిపోయాను. ఒక పొద్దున లేచేసరికి రెండు పాదాల్లోనూ తిమ్మిరి. చాలాసేపు కాళ్లు ముడుచుకుని కూర్చుంటే పట్టే తిమ్మిరి లాంటిదే, కాకపోతే ఇది వదల్లేదు. కొత్త స్పైక్స్ బూట్లు బిగుతుగా ఉన్నాయనుకుని పాతవి వేసుకున్నాను. తేడా రాలేదు.

మీటరు అరవై అంటే నేను ఒళ్లు వేడెక్కడానికి దుమికే ఎత్తు. ఆ రోజు ఆ ఎత్తులోనే అడ్డ కట్టెను మూడుసార్లు పడగొట్టాను. నేను ఎడమ కాలి మీద లేస్తాను. ఆ కాలితో నేలను తన్నితే నేల నన్ను పైకి తన్నాలి. ఆ రోజు నేల ఊరుకుంది.

భువనగిరి అమ్మాయి సునీత నా పక్కనే ఉంది. ఎక్కడ పోటీ జరిగినా నా వెనక స్థానం ఆమెదే. "ఏందే మంజుల, నిద్రల దుంకుతున్నవా?" అని నవ్వింది. నేనూ నవ్వాను. శిబిరంలో ఎవరికీ చెప్పలేదు. చెబితే జట్టులోంచి తీసేస్తారని భయం. ఇది చదివేవాళ్లకు నా మొదటి మాట ఇదే: దాచకండి. నేను మూడు రోజులు దాచాను. ఆ మూడు రోజులకు ఖరీదు నేనే కట్టాను.

పండగకు సెలవు అడిగి ఇంటికి బయల్దేరాను. కొత్తకోటలో బస్సు దిగుతుంటే నా పాదానికి మెట్టు దొరకలేదు. ముందున్న పెద్దమనిషి వీపు మీద పడ్డాను. "పైలం చెల్లె" అన్నాడాయన, తన సంచి కింద పెట్టి నన్ను దించుతూ. కాలు మొద్దుబారిందని చెప్పి నవ్వేశాను. ఆ సాయంత్రం అన్నం తిని నేల మీద నుంచి లేవబోతే లేవలేకపోయాను. అమ్మ చంకల్లో చేతులేసి లేపింది. పొద్దున్నకు రెండు కాళ్లూ నావి కావు.

పండగ రోజున దవాఖానలో

నాయిన నన్ను వీపున మోసుకుని ఆటో ఎక్కించాడు. మహబూబ్‌నగర్ దవాఖానలో ఒక కుర్ర డాక్టరు చిన్న సుత్తితో నా మోకాలి కింద కొట్టాడు. కాలు ఎగరలేదు. ఇంకోసారి కొట్టాడు. రెండో మోకాలు చూశాడు. ఆ తర్వాత ఆయన ముఖంలో నవ్వు పోయింది.

"ఇప్పుడే హైదరాబాద్ పోవాలె. రేపు గాదు, మాపటికి గాదు. ఇప్పుడే" అన్నాడు. అంబులెన్సు దాకా తానే వెంట వచ్చాడు. ఆయన పేరు అడగలేదు. ఆ తొందరే నన్ను కాపాడిందని తర్వాత అందరూ చెప్పారు.

హైదరాబాద్ దవాఖానలో ఇనప కుర్చీల హాలొకటి ఉంది. నన్ను లోపలికి తీసుకుపోయాక అమ్మా నాయినా తొమ్మిది రోజులు అక్కడే గడిపారు. పక్క కుర్చీలాయన భార్య కూడా లోపలే ఉంది. ఆయన తన దుప్పటి అమ్మకిచ్చి తాను పేపర్లు పరుచుకుని పడుకున్నాడట. ఒకరి పేరు పిలిస్తే హాలంతా లేచి నిలబడేదట, ఎవరి పేరో సరిగ్గా వినపడక.

రెండో రోజు జంగయ్య సారు వచ్చారు. నాయిన ఆయన్ని చూడగానే లేచాడు.

"నీ దుంకుడే నా బిడ్డ నరాలను తినేసింది సారూ. కంప దుంకుకుంట మంచిగనే ఉండె. నేనే నీ చేతుల వెట్టిన."

సారు పోయి హాలు ఆ చివర ఒక కుర్చీలో కూర్చున్నారు. మర్నాడూ అదే కుర్చీ. మిగిలిన రోజులన్నీ అదే కుర్చీ. నాయిన చూడకుండా అమ్మ ఆయనకు చాయ్ పంపేది. నాయిన చూసి కూడా చూడనట్టు ఉండేవాడని నాకు తర్వాత తెలిసింది.

డాక్టరమ్మ నాకు తేలిక మాటల్లో చెప్పింది. దీన్ని జీబీఎస్ అంటారు. ఒంటిని కాపాడాల్సిన బలమే పొరపాటుపడి నరాల మీదికి తిరుగుతుంది. దుమకడం వల్ల రాలేదు. చాలామందికి నయమవుతుంది, కానీ నిదానంగా. ముందు కాళ్ల నుంచి పైకి ఎంతదాకా పాకుతుందో చూడాలి. ఊపిరి దాకా పాకితే గొంతులోకి గొట్టం వేయాలి.

"ఒక్క ఊపిరిల ఎంతదాక లెక్కవెట్టగలవో చూద్దాం" అంది.

మొదటి రోజు ముప్పై నాలుగు దాకా వెళ్లాను. మర్నాడు ఇరవై ఆరు. ఆ తర్వాత పంతొమ్మిది. చేతులు కూడా బరువెక్కాయి, చెంచా పట్టలేకపోయాను. అమ్మను లోపలికి వదిలినప్పుడు ఆమె నా మంచం పక్కన నిలబడి పెదాలు కదుపుతూ నాతోపాటు లెక్కపెట్టేది. నేను ఆగిన దగ్గర ఆమె కూడా ఊపిరి బిగబట్టి ఆగేది. నాలుగో రోజు పద్నాలుగు.

భయం గురించి ఎక్కువ రాయను. ఎదురుగా గోడ మీది గడియారాన్ని చూస్తూ పడుకునేదాన్ని. ఒక్కో ఊపిరీ నేనే తీసుకుంటున్నానా, మరిచిపోతే ఆగిపోతుందా అనిపించేది. అప్పుడు దవాఖానలో పనిచేసే ఆయా వచ్చి నా జడ విప్పి, చిక్కు తీసి, రెండు జడలు వేసింది. ఎవరూ వేయమనలేదు. "చిక్కువడితే రేపు ఏడుస్తవు" అంది. రేపు గురించి అంత మామూలుగా మాట్లాడిన మొదటి మనిషి ఆమే.

ఐదో రోజు మళ్లీ పద్నాలుగు.

"నిన్నంతనే ఉన్నది" అంది అమ్మ, ముఖం చిన్నబుచ్చుకుని.

"నిన్నంతనే ఉండుడే మంచి వార్తమ్మా, కిందికి పోతలేదు" అంది డాక్టరమ్మ.

హైజంప్‌లో ఒకే ఎత్తు దగ్గర ఆగిపోతే ఎవరూ చప్పట్లు కొట్టరు. ఆ రోజు మా అమ్మ కొట్టింది. ఆరో రోజు పదిహేడు వచ్చింది. అమ్మ హాల్లోకి పోయి నాయినకు చెప్పి, అక్కడి నుంచి ఆ చివరి కుర్చీ దాకా నడిచిపోయి సారుకు కూడా చెప్పింది. ఈసారి చాటుగా కాదు.

వార్డులో

తర్వాత నన్ను మామూలు వార్డులోకి మార్చారు. పక్క మంచంలో సత్తమ్మ అవ్వ. ఒక చెయ్యి పడిపోయి వచ్చింది. రెండో చేయి, నోరు బాగా పనిచేసేవి.

"ఏం పని జేస్తవు బిడ్డా?"

"దుంకుత అవ్వా. హైజంప్."

"దేని మీదికెల్లి?"

"కట్టె మీదికెల్లి."

"కట్టె అవుతల ఏముంటది?"

"పరుపు ఉంటది."

అవ్వ చాలాసేపు ఆలోచించింది. "పరుపు కాడికి చుట్టు తిరిగి పోరాదు?" అంది. వార్డంతా నవ్వింది. నర్సు నవ్వు ఆపుకోలేక నా సూది కోసం రెండోసారి రావాల్సి వచ్చింది.

జట్టు వెళ్లే ముందు రోజు సునీత వచ్చింది. బ్లేజర్ వేసుకురాకుండా మామూలు చుడీదార్‌లో వచ్చింది. నా స్థానంలో ఆమెను తీసుకున్నారు. మంచం అంచున కూర్చుని నా కాళ్ల వైపు చూసి వెంటనే కళ్లు తిప్పుకుంది.

"నీ జాగల పోతున్న. మంచిగ అనిపిస్తలేదే."

"పోయి రా. గాని నాకంటె తక్కువ దుంకితె ఇటు మొఖాన రాకు" అన్నాను.

ఆమె నవ్వుతూ వెళ్లింది. నేను గోడ వైపు తిరగాలనుకున్నాను. తిరగడానికి కూడా ఒకరు సాయం పట్టాలి. అందుకని అందరూ చూస్తుండగానే ఏడ్చాను. ఆమె మీద కోపం, అసూయ, అలా అనిపించినందుకు సిగ్గు, అన్నీ కలిపి. అవ్వ ఒక్క చేత్తో తన బత్తాయి నా వైపు దొర్లించి, "ఒలుసుకో. ఏడ్సుకుంటనే ఒలుసుకో, చేతి ఏళ్లకు కసరత్" అంది. అరగంట పట్టింది. తొక్క ముక్కలు ముక్కలైంది. ఆ పండు ఇద్దరం తిన్నాం.

ఐదు రోజుల తర్వాత ఏదో దేశం నంబరు నుంచి ఫోన్. "మీటరు డెబ్బై ఎనిమిది. ఆరో జాగ. నీకంటె తక్కువనే" అంది సునీత. "రావాల్నా, వద్దా?"

"రా" అన్నాను. ఈసారి మనసులోంచే వచ్చింది.

ఉగాది తర్వాత

ఇంటికి వచ్చేటప్పుడు ఫిజియోథెరపీ చేసే ఫర్హానా మేడమ్ అమ్మా నాయినలకు అన్నీ నేర్పి పంపింది. వారానికోసారి ఫోన్‌లో చూస్తానంది. అప్పటికి కూర్చోగలను. నిలబడలేను.

మా ఊళ్లో పరామర్శకు వచ్చినవాళ్లలో సగం మంది దిష్టి అన్నారు. మిగిలిన సగం ఆడపిల్ల ఎగిరితే ఇంతే అన్నారు. ఒక దూరపు బంధువు నా ముందే అమ్మతో, "ఇంక పెండ్లి ముచ్చటేంది?" అంది. "ముందు బాత్రూం దాక పోనియ్యి వదినా, పెండ్లి పందిరి దాక తర్వాత పోతది" అంది అమ్మ. అమ్మకు ఇంత నోరుందని ఆ ఏడాదే తెలిసింది.

నిలబెట్టే ఉపాయం నాయినదే. బలం లేకుండా పుట్టిన గొర్రెపిల్లను ఆయన వదిలేయడు. కడుపు కింద బట్ట వేసి పైకి పట్టుకుని, దాని కాళ్లు నేలకు ఆనీ ఆననట్టు నిలబెడతాడు. రోజుకింత బరువు దాని మీదికి వదులుతాడు. ఒక పొద్దున పెద్ద తువ్వాల తెచ్చి నా నడుము చుట్టూ వేశాడు.

"నాయినా, నేను గొర్రెపిల్లనా?"

"గొర్రెపిల్లయితె ఈపాటికి మేతకు పోతుండె" అన్నాడు.

ఫోన్‌లో చూసిన ఫర్హానా మేడమ్ పకపకా నవ్వింది. "మేం బెల్టుతోని చేసేది గిదే అంకుల్! జర నడుముకు ఇంకా గట్టిగ పట్టుండ్రి. ఇంకొకలు గూడ ఉండాలె, ఒక్కలే పట్టొద్దు" అంది.

ఆ ఇంకొకరి దగ్గరే చిక్కు వచ్చింది. సారు ప్రతి ఆదివారం బండి మీద వచ్చి, వాకిట్లో కూర్చుని, నన్ను పలకరించి వెళ్లేవారు. నాయిన ఆయనతో మాట కలపలేదు. ఆ ఆదివారం నాయిన ఒక్కడే నన్ను లేపాడు. నా మోకాళ్లు ముందుకు మడతపడ్డాయి. నాయిన చేతిలో తువ్వాల జారుతోంది. అమ్మ బావి దగ్గరుంది. సారు లేచి నిలబడ్డారు కానీ, దగ్గరికి రావడానికి జంకారు.

"గట్ల చూసుకుంట నిలబడ్డవేంది సారూ, ఈ కొస పట్టు!" అని అరిచాడు నాయిన.

శివరాత్రి తర్వాత ఆయన సారుతో అన్న మొదటి మాట అది. సారు ఒక్క ఉరుకులో వచ్చి పట్టుకున్నారు. ఇద్దరి మధ్యా నేను నిలబడ్డాను. కాళ్లు వణికాయి, కానీ నిలబడ్డాను. తువ్వాల వదలకుండానే నాయిన, "డాక్టరమ్మ జెప్పింది సారూ, దుంకుడుతోని రాలేదట. నాకు ఆ దినమే తెల్సు" అన్నాడు. సారు కళ్లు తుడుచుకోబోయి తువ్వాల కొస వదిలారు. నేను ఆ పక్కకు ఒరిగాను. ఇద్దరూ కలిసి నన్ను పట్టుకుని మంచం మీద కూలబడ్డారు. బావి దగ్గర్నుంచి వచ్చిన అమ్మ ముగ్గుర్నీ చూసి బిందె దించకుండానే నవ్వింది.

ఆ రోజు నుంచి ఇద్దరూ రెండు పక్కలా ఉండి నన్ను నడిపించారు, పోట్లాడుకుంటూ. సారుకు పది అడుగులంటే పదే. నాయినకు, దూరంలో వేపచెట్టు కనిపిస్తే అక్కడిదాకా. నా కాళ్లకు ఎవరి మాటా పట్టలేదు. వాటికి నచ్చినంతే నడిచాయి.

బోనాల నుంచి బతుకమ్మ దాకా

బోనాల నాటికి చేతికర్ర. అన్నీ మంచి రోజులు కావు. ఒకరోజు గడప దాటలేక కర్ర విసిరేసి, ఇంక నాతో కాదని అరిచాను. మీటరు ఎనభై రెండు దాటినదానికి జానెడు గడప అడ్డం. నాయిన కర్ర తెచ్చి గోడకు ఆనించాడు. సాయంత్రం నేనే వెళ్లి తెచ్చుకున్నాను.

బతుకమ్మకు కర్ర లేకుండా ఆడవాళ్ల వరసలో కలిశాను. ఒక చుట్టు తిరిగి అరుగు మీద కూర్చున్నాను. పాట ఆగాక చూస్తే, మా వీధి ముసలమ్మలు నలుగురు నాతోపాటే వచ్చి అరుగు మీద కూర్చున్నారు. "మాక్కూడ ఒక్క చుట్టే చాతనైంది" అన్నారు. అబద్ధం. వాళ్లు పొద్దుపోయేదాకా ఆడగలరు.

చలి మొదలయ్యాక సారు బడి మైదానంలో రెండు కర్రల మధ్య ఒక తాడు కట్టారు. మోకాలంత ఎత్తు. పరిగెత్తి దాటాను. అవతల కుడికాలి మీద తూలి, ఇసుకలో పడి, లేచాను. మళ్లీ దాటాను. ఆ సాయంత్రం పదకొండుసార్లు దాటాను. సారు వద్దనేదాకా.

ఇప్పుడు

ఇప్పుడు పాదాల చివర కొంచెం తిమ్మిరి మిగిలింది. అలసిన రోజున ఎడమ పాదం నేలకు రాసుకుంటుంది. పాత ఎత్తు తిరిగి వస్తుందో లేదో నాకు తెలియదు. తెలియకుండానే రోజూ ఉదయం మైదానానికి పోతున్నాను. జ్వరమో, విరేచనాలో వచ్చి తగ్గాక రెండు కాళ్లలో ఒకేసారి తిమ్మిరి మొదలై పైకి పాకుతుంటే, మెట్లు బరువైతే, ఆ రోజే పెద్ద దవాఖానకు వెళ్లండి. నడవడానికి ఎన్ని నెలలు పడుతుందని మాత్రం నన్ను అడక్కండి. చిట్యాల ఆవిడకు కూడా అదే చెప్పాను. దానికి బదులు రోజూ ఒక్క ఊపిరిలో లెక్కపెట్టించమన్నాను.

నెల కింద మహబూబ్‌నగర్ స్టేడియంలో పోటీలు జరిగాయి. సారు నా పేరు ఇచ్చారు. నాయిన కూడా వస్తానన్నాడు. ఇన్నేళ్లలో నేను పోటీలో దుమకడం ఆయన ఎదురుగా చూసింది లేదు. ఆటల కోసం గొర్లను ఎవరికీ వదలడు, నేను కట్టె దాటిన వీడియోలే ఫోన్‌లో చూశాడు. ఆ రోజు మాత్రం మందను తన తమ్ముడికి అప్పగించి, ఉతికిన ధోవతి కట్టి సారు పక్కన కూర్చున్నాడు.

అన్నిటికంటే తక్కువ ఎత్తు నుంచి మొదలుపెట్టాను. నా ముందూ వెనకా బడిపిల్లలే. మీటరు నలభై దాటాను. నలభై అయిదు దాటాను. మీటరు యాభై మూడో ప్రయత్నంలో దాటాను. పరుపు మీద వెల్లకిలా పడి పైన కట్టె కదలకుండా ఉండడం చూసి, లేవకుండా అక్కడే కాసేపు నవ్వాను. జెండా పట్టుకున్న జడ్జి, "అమ్మా, దెబ్బ తాకిందా?" అని అడిగాడు. మీటరు యాభై అయిదు మూడుసార్లు పడగొట్టాను. నాలుగో స్థానం. పదో తరగతి పిల్ల మీటరు యాభై ఎనిమిది దాటి గెలిచింది.

బయటికి వస్తుంటే నాయిన ఏదో తేలక నడుస్తున్నాడు.

"గెలిచిన పిల్ల ఏది?"

చూపించాను.

"గా పిల్లనా? ఆఖర్ల మూడుసార్లు కట్టె పడగొట్టింది గదా?"

"గెలిచినోళ్లు గూడ ఆఖరికి పడగొట్టే ఆగుతరు నాయినా. దాటినకొద్ది కట్టె పైకి జరుపుతనే ఉంటరు."

నాయిన నిలబడిపోయాడు. "అంటే నువ్వు బయటి దేశాలల్ల దుంకినప్పుడు గూడ?"

"పడగొట్టే వచ్చిన."

"ఎనభై రెండు దుంకిన దినం?"

"ఆ దినం గూడ."

నాయిన సారు వైపు తిరిగాడు. "గిదేం ఆట సారూ? ఇన్నేండ్ల సంది నాకు ఒక్కలు చెప్పలె."

"నువ్వు ఎన్నడు అడగలె బాలన్నా" అన్నారు సారు.

స్టేడియం గేటు దగ్గర ఆటో కోసం చూస్తూ నాయిన, "మల్ల ఎప్పుడున్నది?" అని అడిగాడు.

"వచ్చే నెల" అన్నారు సారు.

"గట్లయితె మంచిదే" అన్నాడు నాయిన, ఆటో ఎక్కుతూ నాకు చెయ్యి అందించి. "మల్ల పడగొడుదువు గాని, పా."